అరవయ్యో రోజు

కోర్టు డిక్రీ ఇచ్చేసింది. ఇల్లు వేలం కూడా అయిపోయింది. ఇంకా ఆ ఇల్లు వెనక్కి దక్కే దారుందా? ఉంది. కాకపోతే ఆ దారికున్న తలుపు ఎన్నాళ్లు తెరిచి ఉంటుందో చాలామందికి తెలియదు. తెలిసేసరికి మూసుకుపోయి ఉంటుంది.

ఒక కుటుంబాన్ని ఊహించుకుందాం. ఇంటాయనది చిన్న కిరాణా కొట్టు. కూతురి పెళ్లికి ప్రోనోటు మీద అప్పు తెచ్చాడు. రెండేళ్లు వడ్డీ కట్టాడు. తర్వాత కొట్టు దెబ్బతింది, కట్టలేకపోయాడు. అప్పిచ్చినాయన దావా వేశాడు. నోటీసొస్తే 'చూద్దాంలే' అని బీరువాలో పెట్టాడు. ఈయన కోర్టుకు వెళ్లకపోవడంతో ఎక్స్‌పార్టీ డిక్రీ అయింది. ఆ తర్వాత ఈపీ... అంటే డిక్రీ అమలు చేయించమని వేసే పిటిషన్. ఒకరోజు అమీనా వచ్చి డప్పు చాటింపు వేయించి, ఇంటి గోడకు కాగితం అంటించి వెళ్లాడు. అసలూ, వడ్డీ, కోర్టు ఖర్చులూ కలిపి బాకీ 2 లక్షల 40 వేలు. వేలంలో ఇల్లు 6 లక్షలకు పోయింది.

అప్పుడు కదిలాడు ఇంటాయన. బావమరిదిని అడిగి, ఇల్లాలి గాజులు కుదువబెట్టి, కొట్లో సరుకు సగం ధరకు తెగనమ్మి 2 లక్షల 40 వేలూ పోగేశాడు. వేలం జరిగిన 58వ రోజున డబ్బు సంచితో లాయరు గుమ్మం తొక్కాడు. ఆయన లెక్క చూసి అడిగిన మొదటి ప్రశ్న...

''మిగతా ముప్ఫై వేలు ఏవండీ?''

ఆ ముప్ఫై వేలు ఎక్కణ్నుంచి వచ్చాయో చెప్పుకోవాలంటే సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని 21వ ఆర్డర్‌లోకి వెళ్లాలి. డిక్రీల అమలు గురించి ఆ చట్టం చెప్పే సంగతులన్నీ దాదాపు అక్కడే ఉంటాయి. అందులో 89వ రూలు బాకీదారుకు చివరి అవకాశం ఇస్తుంది. వేలం ప్రకటనలో చూపిన బాకీ మొత్తం కట్టెయ్, దాంతోపాటు పాట పాడుకున్నాయనకు నష్టపరిహారంగా ఆయన పాడిన ధరలో 5 శాతం ఇయ్యి, నీ ఇల్లు నువ్వు తీసుకో అంటుంది. 6 లక్షలకు 5 శాతమంటే 30 వేలు. బాకీ గురించే ఆలోచించే మనిషికి ఈ 5 శాతం సంగతి తట్టదు. పాపం, ఎవరో చెబితే తప్ప తట్టే విషయమూ కాదు.

గెలిచినా ఏడుపే

''ఓడినవాడు కోర్టులో ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికెళ్లి ఏడ్చాడట'' అని మనకో సామెత. లండన్‌లోని ప్రీవీ కౌన్సిల్ న్యాయమూర్తులకు ఈ సామెత తెలిసే అవకాశం లేదు కానీ, 1872లోనే వాళ్లు దాదాపు ఇదే అన్నారు. ఇండియాలో కక్షిదారుడి కష్టాలు మొదలయ్యేది డిక్రీ చేతికొచ్చాకే అని. నూటయాభై ఏళ్లు దాటినా ఆ మాటను మన కోర్టులు తీర్పుల్లో గుర్తుచేసుకుంటూనే ఉన్నాయి.

తమిళనాడుకు చెందిన ఓ పాత భూమి అగ్రిమెంటు కేసులో 2025 మార్చిలో సుప్రీంకోర్టుకు ఓపిక నశించింది. దేశంలో పెండింగులో ఉన్న ఈపీలను ఆరు నెలల్లో తేల్చేలా చూడమని హైకోర్టులన్నింటికీ చెప్పింది. ఆరు నెలలయ్యాక అక్టోబరులో లెక్కలు చూస్తే 3,38,685 ఈపీలు తేలాయి. ఇంకా 8,82,578 మిగిలే ఉన్నాయి. చేతిలో డిక్రీ పెట్టుకుని ఎదురుచూస్తున్నవారు అన్ని లక్షలమంది అన్నమాట. అందుకే డిక్రీదారును దయలేనివాడిగా చూడటం అన్నిసార్లూ న్యాయం కాదు. రిటైరయ్యాక చేతికొచ్చిన డబ్బు అప్పుగా ఇచ్చి, పదేళ్లుగా తిరుగుతున్నవాళ్లూ ఆ వరుసలో ఉంటారు. డిక్రీ వచ్చాక అమలు కోరడానికి చట్టం ఇచ్చే గడువు 12 ఏళ్లు. ఆ పన్నెండేళ్లూ కాగితం చేతిలో పట్టుకునే గడిపేవారున్నారు.

బాకీదారులకు పుట్టి ముంచే మొహమాటం ఇంకొకటుంది. డిక్రీ అయ్యాక పెద్దమనుషుల మధ్యన రాజీపడి, అప్పిచ్చినాయన ఇంటికే వెళ్లి విడతలవారీగా డబ్బు చేతిలో పెట్టి వస్తుంటారు. 'ఆయన దగ్గర రసీదు అడిగితే ఏం బావుంటుంది' అనుకుంటారు. నాలుగేళ్ల తర్వాత ఆ పెద్దాయన పోతే కొడుకులు మొత్తం బాకీకి ఈపీ వేస్తారు. ''కట్టేశానండీ'' అంటే అమలు కోర్టు వినదు. 21వ ఆర్డర్ రెండో రూలు ప్రకారం కోర్టు బయట చెల్లించిన సొమ్మును కోర్టులో నమోదు చేయించాలి. డిక్రీదారు ఆ పని చేయకపోతే బాకీదారే 30 రోజుల్లోగా అర్జీ పెట్టుకోవాలి. నమోదు కాని చెల్లింపును అమలు కోర్టు లెక్కలోకి తీసుకోదు. నేరుగా కోర్టులో జమచేయొచ్చు, మనియార్డరు పంపొచ్చు, బ్యాంకు ద్వారా ఇవ్వొచ్చు. ఏదో ఒక కాగితం మిగలాలి. గడువులోగా కట్టి కూడా గడువు తప్పినవాళ్ల కింద జమ కావడమంటే ఇదే.

ముప్ఫయ్యా... అరవయ్యా?

వేలమయ్యాక ఇల్లు విడిపించుకునే గడువు ఇప్పుడు 60 రోజులు. కానీ ఈ అంకె స్థిరపడటానికి పాతికేళ్లు పట్టింది. ఆ పాతికేళ్లలో ఎవరు ఏ లెక్కన నడుచుకోవాలో లాయర్లకే అంతుపట్టని పరిస్థితి.

మొదట్లో గడువు 30 రోజులే. వేలాన్ని రద్దు చేయమని అర్జీ పెట్టడానికీ, డబ్బు కట్టడానికీ రెంటికీ అంతే. 1976లో పార్లమెంటు దయతలచింది. ముప్ఫై రోజుల్లో అంత సొమ్ము పోగేయడం మామూలు జనానికి కష్టమని లిమిటేషన్ చట్టంలోని 127వ ఆర్టికల్‌ను సవరించి గడువును 60 రోజులు చేసింది. అయితే ప్రొసీజర్ కోడ్‌లో 92వ రూలులో డబ్బు జమ గురించి రాసిన '30 రోజులు' మాత్రం అలాగే ఉండిపోయింది. సరిచేయడం మరిచారు. ఒక చట్టంలో అరవై, ఇంకో చట్టంలో ముప్ఫై. అర్జీ పెట్టడానికి రెండు నెలలు, దానితోపాటు కట్టాల్సిన డబ్బుకు ఒక్క నెల!

1990లో సుప్రీంకోర్టు ముందుకు ఇది వెళ్లింది. పార్లమెంటు సరిచేయకుండా వదిలేసినదాన్ని మేం పూరించలేం, డబ్బు ముప్ఫై రోజుల్లోపే కట్టాలి అంది కోర్టు. నలభయ్యో రోజునో, యాభయ్యో రోజునో డబ్బు కట్టినవాళ్ల గతి ఏమిటి? చట్టం అరవై అంటోంది కదా అని నమ్మడమే వాళ్లు చేసిన తప్పు.

ఈ చిక్కు చివరికి అయిదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం దాకా పోయింది. 2001 ఆగస్టులో తీర్పు వచ్చింది. విశేషమేమిటంటే, దేశమంతటికీ దారి చూపిన ఆ కేసులో ఇరుపక్షాల పేర్లూ అచ్చ తెలుగు పేర్లే. ధర్మాసనం రెండు అంకెలకూ పొంతన కుదిర్చింది. 30 రోజుల్లోపు డబ్బు కడితే వేలాన్ని రద్దు చేసితీరాల్సిందే, జడ్జికి ఇష్టాయిష్టాలు ఉండవు. 31వ రోజు నుంచి 60వ రోజు లోపు కట్టి అర్జీ పెడితే రద్దు చేయాలా వద్దా అన్నది జడ్జి విచక్షణ. మరుసటి ఏడాది పార్లమెంటు ఆ విచక్షణ అవసరం కూడా లేకుండా చేసింది. 2002 జులై 1 నుంచి 92వ రూలులోనూ 60 రోజులే. కూడికల్లో పొరపాటు వల్ల కట్టిన సొమ్ము కాస్త తగ్గితే సరిచేసుకునే వీలూ ఆ రూలులో ఉంది.

ఇక్కడొక చురుకైన ముల్లుంది. మామూలుగా కోర్టులో ఆలస్యమైతే 'ఆస్పత్రిలో ఉన్నాను, ఊళ్లో లేను' అని కారణం చెప్పి మన్నించమని అడగొచ్చు. లిమిటేషన్ చట్టం అయిదో సెక్షన్ ఆ వీలు కల్పిస్తుంది. అదే సెక్షన్ 21వ ఆర్డర్ కింద పెట్టే అర్జీలకు ఇది వర్తించదని కూడా చెబుతుంది. 61వ రోజున వచ్చినవాడి కారణం ఎంత నిజమైనదైనా వినే అధికారం జడ్జికి లేదు.

గడువు పెట్టిందెవరు?

కోర్టుల్లో గడువులన్నీ ఒక్క తీరువి కావు. తారీఖు ఎవరు పెట్టారన్నదాన్నిబట్టి దాని బిగువు ఉంటుంది. చట్టమే పెట్టిన గడువు రాతి మీద గీత. జడ్జిగారు పెట్టిన గడువు సుద్దముక్కతో గీసింది. సకాలంలో, సరైన కారణంతో అడిగితే చెరిపి కాస్త అవతల గీయొచ్చు. ఇరుపక్షాలూ రాజీపడి రాసుకున్న గడువును రెండోవాళ్లు ఒప్పుకోకుండా కోర్టు పొడిగించలేదని సుప్రీంకోర్టు 1967లోనే చెప్పింది. రాజీ డిక్రీ మీద సంతకం పెట్టే రోజున ఉత్సాహంలో 'మూడు నెలల్లో కట్టేస్తా' అనేవారికి ఈ సంగతి ముందే తెలిస్తే ఆరు నెలలు అడిగి ఉండేవారు.

సుద్దగీత సంగతికొస్తే, 1961లో జస్టిస్ హిదయతుల్లా రాసిన తీర్పును లాయర్లు ఇప్పటికీ తీసి చదువుతుంటారు. కోర్టు ఫీజు ఇన్నాళ్లలోగా కట్టకపోతే అప్పీలు కొట్టేసినట్టే అని పట్నా హైకోర్టు ముందే రాసిపెట్టింది. కక్షిదారు గడువు లోపలే 'ఇంకొంచెం టైమివ్వండి' అని అర్జీ పెట్టాడు. అది విచారణకొచ్చేసరికి తారీఖు దాటిపోయింది. 'అయిపోయిందిగా, ఇక మా చేతుల్లో లేదు' అంది హైకోర్టు. సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. అలాంటి ఉత్తర్వులు సాగదీసేవాళ్లను దారిలో పెట్టడానికి చేసే బెదిరింపులు, అంతేగానీ కోర్టు తన చేతులు తానే కట్టేసుకోవడం కాదు అంది. 2002 నుంచి 148వ సెక్షన్ ప్రకారం ఇలా పొడిగించే గడువు మొత్తం కలిపి 30 రోజులు మించకూడదు. మనిషి చేతిలో లేని కారణాలుంటే ఆ పరిమితి కూడా అడ్డం కాదని 2005లో సుప్రీంకోర్టు కొంత సడలించింది.

రాతిగీత బాకీదారుకు మాత్రమే కాదు. వేలంలో పాడుకున్నాయన అక్కడికక్కడే 25 శాతం కట్టాలి. మిగతాది 15 రోజుల్లో జమచేయాలి. పదహారో రోజున కడతానంటే కుదరదు. ఈ విషయంలో గడువు పెంచే అధికారం కోర్టుకు లేదనీ, డబ్బు కట్టకపోతే అసలు వేలమే జరగనట్టనీ సుప్రీంకోర్టు 1954లో తేల్చేసింది. మళ్లీ వేలం వేయాల్సిందే. ముందు కట్టిన పాతిక శాతంలో ఖర్చులు పోను మిగిలింది ప్రభుత్వ ఖాతాకు పోయే ప్రమాదమూ ఉంది. ఇల్లు పోగొట్టుకుంటున్న కుటుంబం తరఫు లాయరు అన్నిటికంటే ముందు చూసుకునేది పాటదారు చలానా మీదున్న తేదీనే.

గజం ధర పెరిగితే...

భూమి అగ్రిమెంట్ల కేసుల్లో గడువు కథ మరో రకం. అక్కడ డబ్బు కట్టాల్సింది గెలిచినవాడే. అగ్రిమెంటు రాసుకున్నాక అమ్మేవాడు మాట తప్పాడు, కొనేవాడు దావా వేసి గెలిచాడు. 'మిగతా సొమ్ము రెండు నెలల్లో కోర్టులో జమచేస్తే రిజిస్ట్రేషన్ చేయాలి' అని డిక్రీ వస్తుంది. ఓడినవాడు అప్పీలుకు వెళతాడు. గెలిచినవాడు 'అప్పీలు తేలాక కడదాంలే' అని ఊరుకుంటాడు. కొంపలు మునిగేది అక్కడే. అప్పీలు వేసినంతమాత్రాన డిక్రీ ఆగదు, పైకోర్టు స్టే ఇస్తేనే ఆగుతుంది. ఈలోగా ఊరు పెరుగుతుంది. ఎకరాల్లో కొన్న భూమికి గజాల్లో ధర పలుకుతుంది. అమ్మినవాడికి ఆ రెండు నెలల గడువు అప్పుడు గుర్తొస్తుంది.

స్పెసిఫిక్ రిలీఫ్ చట్టంలోని 28వ సెక్షన్ ఈ తగవు కోసమే. గడువులో డబ్బు కట్టలేదు కాబట్టి అగ్రిమెంటు రద్దు చేయమని అమ్మినవాడు అదే దావాలో అడగొచ్చు. కోర్టు రద్దు చేయొచ్చు, లేదా గడువు పెంచొచ్చు. 1999లో ఓ కేసులో దాదాపు అయిదేళ్లు డబ్బు కట్టకుండా, గడువు కూడా అడగకుండా కూర్చున్న కొనుగోలుదారుకు సుప్రీంకోర్టు మొండిచేయి చూపింది. 2017లోనూ అంతే, గడువు పెంచమని అడగకుండా ఆలస్యంగా కట్టిన డబ్బుతో డిక్రీ అమలు కాదంది. 2025లో వచ్చిన తీర్పులు కొంచెం మెత్తగా ఉన్నాయి. తారీఖు దాటడమొక్కటే ఒప్పందాన్ని వదులుకున్నట్టు కాదు, ఇక కట్టను అన్నట్టుగా ఆ మనిషి నడిచాడా అన్నది చూడాలి అన్నాయి. వీటన్నిటిలో ఒక పోలిక కనిపిస్తుంది. ఆలస్యానికి క్షమాపణ దొరికినవాళ్లున్నారు. మౌనానికి దొరకడం మాత్రం అరుదు.

అమలైపోయిందాన్ని తిరగదోడితే

గడువులన్నీ దాటి, వేలం ఖరారై, సేల్ సర్టిఫికెట్ కూడా చేతికొచ్చాక కోర్టు వెనక్కి తిరిగి చూస్తుందా? చూసిన సందర్భాలున్నాయి. కానీ దారి ఇరుకు.

మన దగ్గరి నుంచే సుప్రీంకోర్టుకు వెళ్లిన ఓ కేసు ఉంది. రెండు వేల చిల్లర బాకీ కోసం పదెకరాల భూమిని 17 వేలకు వేలం వేసేశారు. 1989లో సుప్రీంకోర్టు ఆ వేలాన్ని కొట్టేసింది. బాకీ తీరడానికి ఎంత అవసరమో అంతే అమ్మాలి, అది జడ్జి దయ కాదు, బాధ్యత అంది. రెండెకరాలతో తీరే అప్పుకు పదెకరాలూ అమ్మడమేమిటన్నదే ప్రశ్న. అయితే 'ధర తక్కువొచ్చింది' అన్న ఒక్క ఫిర్యాదు చాలదు. 90వ రూలు కింద వేలం రద్దు కావాలంటే వేలం నడిపిన తీరులో మోసమో, పెద్ద లోపమో జరిగి, దానివల్ల గట్టి నష్టం కలిగిందని చూపాలి. దీనికీ అరవై రోజులే. పైగా 90వ రూలు కింద మోసమని గొడవపడుతూనే 89వ రూలు కింద డబ్బు కట్టి విడిపించుకుంటానంటే కుదరదు. రెండో దారి కావాలంటే మొదటి అర్జీని వెనక్కి తీసుకోవాలి.

అన్నిటికంటే మనసు కలుక్కుమనేది ఓ పాత పంజాబ్ కేసు. 519 రూపాయల ఎక్స్‌పార్టీ డిక్రీ. దాని కోసం ఓ ఇల్లు వేలానికొచ్చింది. ఏ పక్షానికీ చెందని బయటివాడు 5,100కు పాడుకున్నాడు. వేలం ఖరారు కాకముందే బాకీదారు పోరాడి ఆ డిక్రీని రద్దు చేయించాడు. అప్పు లేదు, డిక్రీ లేదు, మరి ఇల్లు? ఇల్లు పాటదారుకే పోతుంది అంది సుప్రీంకోర్టు. కోర్టు వేసిన వేలాన్ని నమ్మి కొన్నవాడికి రక్షణ లేకపోతే రేపు కోర్టు వేలానికి ఎవరొస్తారు, వచ్చినా సరైన ధర ఎవరు పాడతారు అన్నది న్యాయమూర్తుల వాదన. అదీ కాదనలేం. 1990లో ఈ సూత్రానికి ఒక హద్దు గీశారు. అప్పీలు నడుస్తోందని తెలిసి కూడా కొన్నవాడు అమాయకుడి కిందకు రాడు. డిక్రీ పోతే అతని కొనుగోలూ పోతుంది.

మళ్లీ మన కిరాణా కొట్టు ఇంటాయన దగ్గరికి వద్దాం. 58వ రోజు సాయంత్రానికి చేతిలో 2 లక్షల 40 వేలే ఉన్నాయి. 59వ రోజు శనివారం. కూతురు అత్తారింటి నుంచి ఫోన్ చేసి ''నాన్నా, నా గొలుసుంది కదా'' అంది. ఏ పెళ్లి కోసం అప్పు చేశాడో ఆ పెళ్లి గొలుసే. వెళ్లి తెచ్చి, తాకట్టు పెట్టి ముప్ఫై వేలు చేతిలో పడేసరికి రాత్రి ఎనిమిదైంది. బ్యాంకు మూసేశారు, కోర్టు మూసేశారు. తెల్లారితే అరవయ్యో రోజు, ఆదివారం.

ఆ రాత్రి ఇంట్లో ఎవరికీ ముద్ద దిగలేదు. పొద్దున్నే లాయరింటికి పరిగెత్తితే ఆయన కాఫీ కప్పు పక్కన పెట్టి నవ్వాడు. గడువు చివరి రోజున కోర్టుకు సెలవైతే, మళ్లీ తలుపులు తెరిచిన రోజున చేసినా గడువులో చేసినట్టేనని లిమిటేషన్ చట్టం నాలుగో సెక్షన్ చెబుతుంది. ఒక్కరోజే సుమా.

సోమవారం పదిన్నరకు చలానా నింపుతున్నారు. బాకీ ఒక వరుసలో 2,40,000. దాని కింది వరుసలో 30,000.